కె పెట్టెలో రెండో చీటీ

1794 మార్చి 3, సోమవారం. మోర్ట్‌లేక్.

నిఘంటువు చీటీల్లో జె పెట్టె ఇవాళ్టితో పూర్తయింది. రేపటి నుంచి కె.

పెద్దాయన కుడికాలి బొటనవేలు మళ్ళీ వాచింది. ఉన్నిగుడ్డ చుట్టి, స్టూలు మీద పెట్టుకుని, పార్లమెంటును తిట్టే తిట్లన్నీ ఆ వేలిని తిట్టారు. తిట్టడం అయ్యాక ఆ తిట్లు ఎక్కణ్ణుంచి పుట్టాయో కూడా చెప్పారు. రెండు రాసుకున్నాను, పనికొస్తాయి.

ఈ ఇంట్లో చీటీలకు చట్టం ఉంది. ఒక మాటకు ఒకే చీటీ, ఒక అక్షరానికి ఒకే చీటీ. ఏ సంగతి రాసినా దానికి మూడు ఉదాహరణలు ఉండాలి. లేకపోతే ఎర్ర సిరాతో 'ఆధారం లేదు, కొట్టివేయాలి' అని రాసి నా బల్ల మీద పడేస్తారు. అన్నిటికంటే ముఖ్యం, చీటీ మీద కర్త రాయకూడదు. ఎవరు, ఏది అన్నది పైన పెద్దక్షరాల్లో ఉంది కదా, కింద మళ్ళీ ఎందుకు అంటారు. కాగితం ఆదా. పైగా మనిషికి అహంకారం తగ్గుతుందట. ఆయన ఉపన్యాసాల్లో మాత్రం వాక్యానికో 'నేను' ఉంటుంది.

పన్నెండేళ్ళుగా అలా రాసీ రాసీ ఈ డైరీలో కూడా ఆ మాట రావడం మానేసింది. పోయిన ఏడాది డైరీ అంతా తిరగేస్తే రెండు చోట్ల కనిపించింది. రెండుసార్లూ ఒళ్ళు కాలిపోయే జ్వరంలో ఉన్నాను.

మార్చి 9, ఆదివారం

భోజనానికి ఏడుగురు వచ్చారు. మిసెస్ హాబ్‌డే వండిన మటన్ పై ఎటూ సరిపోలేదు. జోనాస్ వెదరాల్ గారింట్లో విందు అంటే మాటలతోనే కడుపు నిండుతుందని లండన్‌లో చెప్పుకుంటారు కదమ్మాయ్, మరి వీళ్ళేంటి ప్లేట్లు నాకి పోతున్నారు అని వంటింట్లో సణిగింది.

పెద్దాయన రెండో సంపుటం గురించి చెప్పారు. ఇంగ్లీషు స్పెల్లింగూ మన పార్లమెంటూ ఒకటేనని ఆయన వాదన. ఇళ్ళు కూలిపోయి గొర్రెలు మేస్తున్న ఊళ్ళకు ఇద్దరేసి సభ్యులున్నారు. మాంచెస్టర్‌లో అన్ని వేల మంది ఉంటే వాళ్ళ తరఫున ఒక్కడూ లేడు. అలాగే నైఫ్ అని రాయండి. కె ముందు సీట్లో దర్జాగా కూర్చుంటుంది, నోరు మాత్రం విప్పదు. మోకాలికి నీ అని రాయండి, అక్కడా అంతే. జనం లేని సీట్లు రద్దు చేయాలి, పలకని అక్షరాలు తీసేయాలి, ప్రతి మగవాడికీ ఓటు ఇవ్వాలి అన్నారు. పుస్తకాల షాపాయన బల్ల గుద్దాడు, గ్లాసు ఒరిగింది.

ఆ అక్షరాలు పుట్టు మూగవా అని డాక్టరు అడిగాడు. కాదు కాదు, పూర్వం పలికేవి అన్నారు పెద్దాయన. ఉత్తరాదిలో ఒక ముసలావిడ ఉండేదట, మోకాలు నొప్పంటే క్నీ, క్నీ అని కె ని రాయి మీద రాయి కొట్టినట్టు పలికేదట. కుంటుతూ చేసి మరీ చూపించారు. అందరూ పడీ పడీ నవ్వారు.

ఆ ముసలావిడ మా అమ్మమ్మ. ఆవిడ సంగతి ఆయనకు చెప్పింది, ఆ పక్కనే నిలబడి మటన్ పై వడ్డిస్తున్న మనిషి. ఆయన కళ్ళు ఒక్కసారి కూడా ఇటు తిరగలేదు. కావాలని కాదు. ఆయనకు అది తన మాట అనే గట్టి నమ్మకం.

మార్చి 22

ఓటు కరపత్రం ఆరో ప్రతి రాశాను. ఈసారి 'ప్రతి మగవాడికీ' అన్న చోట 'ప్రతి మనిషికీ' అని పడింది. పొరపాటు చూసుకోవమ్మా ఓట్‌వే, కళ్ళు అలిసిపోయాయా అని దిద్దారు.

పొరపాటు కాదు.

ఏప్రిల్ 17

రెండో సంపుటానికి ముందుమాట చెప్పి రాయించారు. మూడు పేజీలు.

పుస్తకాలు అరువిచ్చిన షాపాయనకు కృతజ్ఞత. వేలికి కట్టు కట్టిన డాక్టరుకు కృతజ్ఞత. పాత రాతప్రతులు వెతికి పంపిన మిత్రుడొకాయనకు, ఆయన పోయి నాలుగేళ్ళయినా, కృతజ్ఞత. చివర్లో పాఠకులు కాస్త నవ్వుకోవాలని, ఎలుకలు చీటీల జోలికి రాకుండా ఏడేళ్ళుగా కాపలా కాసిన బిషప్‌కు కృతజ్ఞత. బిషప్ మా పిల్లి. ఏ పనీ చేయకుండా బలిసింది కాబట్టి ఆ పేరు పెట్టారు.

చేయి ఆపకుండా రాశాను. అంతేనా సార్ అని అడిగాను. అంతే, ఎవరినైనా మరిచిపోయామా అన్నారు. లేదు సార్ అన్నాను.

ఏప్రిల్ 18

కె పెట్టెలో ఒక చీటీ వేశాను.

మే 16, శుక్రవారం. ఉదయం పది.

తీసుకెళ్ళిపోయారు.

ఆరింటికి వచ్చారు. రాజుగారి వారంటు పట్టుకుని ఆరుగురు. తలుపు తీసిన మిసెస్ హాబ్‌డే, రాజుగారి మనుషులైతే మాత్రం బూట్లకు బురద ఉండదా, తుడుచుకుని రండి నాయనా అంది. నిజంగానే తుడుచుకుని వచ్చారు. రాజద్రోహం అని చదివారు. పెద్దాయన రాత్రిటోపీతోనే మెట్ల మీద నిలబడి విని, వాక్యంలో క్రియ ఎక్కడో పోగొట్టారయ్యా, మళ్ళీ చదవండి అన్నారు. పాపం ఆ అధికారి మళ్ళీ చదివాడు.

పెట్టెల్లో ఏముంది అని అడిగారు. ఇంగ్లీషు భాష ఉంది, మెల్లగా మోయండి, అది మీది కూడా అన్నారు. ఇరవై ఐదు పెట్టెలు గోనెసంచుల్లో కుమ్మరించారు. పన్నెండేళ్ళ వరస అంతా కళ్ళ ముందే కలిసిపోయింది. ఎం పెట్టె మీద బిషప్ పడుకుని ఉంది. దించబోతే ఒకడి చేయి రక్కింది. ఆ ఒక్కటి వదిలేశారు.

బండి ఎక్కుతూ వెనక్కి తిరిగి, ఓట్‌వే, కాలికి ఉన్నిగుడ్డ పెట్టావా అని అడిగారు. పెట్టాను సార్ అన్నాను. బండి వెళ్ళిపోయింది. ఈ డైరీని మిసెస్ హాబ్‌డే పిండి డబ్బాలో దాచింది. పేజీలు దులిపి రాస్తున్నాను.

మే 31

విచారణ లేకుండా ఎన్నాళ్ళైనా జైల్లో ఉంచేలా చట్టం మార్చేశారట. డాక్టరు ఇటు రావడం లేదు. పుస్తకాల షాపాయన కూడా.

జూన్ 20

పెద్దాయన్ని ఉంచిన జైలు, లండన్ టవర్ నుంచి చీటీ వచ్చింది. విప్పి చదివి మళ్ళీ అతికించినట్టు తెలుస్తూనే ఉంది.

ఇంట్లో బిషప్ కాపాడిన పెట్టె ఉంది కదా, దానితో పని సాగించు. నెత్తిన కత్తి ఉన్నంత మాత్రాన అక్షరమాల ఆగదు. క్యాబేజీకి పురుగు పట్టనివ్వకండి. అంతే. కింద సంతకం పెద్దది.

సెప్టెంబరు 11. మధ్యాహ్నం.

లాయరు మిస్టర్ ప్రిడో వచ్చారు. సన్నగా, పొడుగ్గా, ఎప్పుడూ జలుబు చేసినట్టుండే మనిషి. వంటింటి బల్ల దగ్గరే కూర్చున్నారు.

కరపత్రాల వల్ల భయం లేదట. ఓటు కావాలనడం ద్రోహం కాదు. కానీ రాజు చావును ఊహించడం ద్రోహం. చంపక్కర్లేదు, ప్రయత్నించక్కర్లేదు, ఊహించి ఒక చోట రాస్తే చాలు. అలాంటి కాగితం ఒకటి వాళ్ళకు దొరికింది అన్నారు. జేబులోంచి నకలు తీసి చదివారు.

కె. స్థానం ముందే. పలుకు లేదు. పూర్వం ఉండేది. తీసేసినా లోటు తెలియదు.

నా చేతిలో టీ కప్పు ఉంది. కింద పెట్టాను.

కె అంటే కింగ్ అని సర్కారు వాదన. రాజుగారి స్థానం అందరికంటే ముందు. ఆరేళ్ళ కిందట పిచ్చి పట్టి కొన్నాళ్ళు ఆయన మాట చెల్లలేదు కదా, అదీ ఇందులోకి లాగుతున్నారు. ఇక తీసేయడం అంటే ఏమిటో చెప్పక్కర్లేదు, ఫ్రాన్స్ రాజు తల తీసేసి ఇంకా రెండేళ్ళు కాలేదు.

అది అక్షరం గురించే కదండీ, నైఫ్, నీ, ఆ కె అన్నాను. మేమూ అదే అన్నాం మిస్ ఓట్‌వే అన్నారు. కానీ సంచిలో ఇంకో కె చీటీ దొరికిందట. నైఫ్, నీ అన్నీ ఉదాహరణలతో ఉన్న అసలు చీటీ. ఒక అక్షరానికి ఒకే చీటీ అని పెద్దాయనే మొదటి సంపుటంలో గొప్పగా రాసుకున్నారు. మరి ఈ రెండోది అక్షరం కాదని తేలిపోయినట్టే కదా అంటున్నారు.

మీరు పొరపాటున రెండుసార్లు రాశారని కోర్టులో చెప్పగలరా అని అడిగారు. ఆలోచించుకుని చెప్తానన్నాను. ఆలోచించడానికి ఏముంది అన్నట్టు చూసి, ముక్కు తుడుచుకుని వెళ్ళిపోయారు.

నేరం రుజువైతే ఉరి. ఉరి తర్వాత చేసేవి రాయను.

సెప్టెంబరు 12

ఆ చీటీ గురించి ఇంకో సంగతి ఉంది. ఇక్కడ కూడా రాయలేకపోతున్నాను.

సెప్టెంబరు 30

క్యాబేజీ కోశాం. ఎం పెట్టె అయిపోయింది.

అక్టోబరు 6, సోమవారం

టవర్‌కు వెళ్ళొచ్చాను. పావుగంట ఇచ్చారు, కాపలావాడు పక్కనే కూర్చుని గోళ్ళు గిల్లుకుంటూ.

ముందు ఆయన్ని గుర్తుపట్టలేదు. విగ్గు లేదు. గడ్డం తెల్లగా, అక్కడక్కడా. కాలికి ఉన్నిగుడ్డ అదే. ఎం ఎంతవరకు వచ్చింది అన్నారు. అయిపోయింది సార్ అన్నాను. భేష్ అన్నారు. అంతా చెప్పేయాలనే వెళ్ళాను. దారి పొడుగునా వాక్యాలు పేర్చుకున్నాను.

ఈలోగా ఆయనే గొంతు తగ్గించి అడిగారు. ఓట్‌వే, నీతో అబద్ధం ఆడించను, నిజం చెప్పు. ఆ రెండో చీటీ ఎప్పుడు చెప్పి రాయించాను? ఎంత తన్నుకున్నా గుర్తు రావడం లేదు. మాట తీరు నాదే. వరస నాదే. రాయించిన గుర్తు మాత్రం లేదు. మతి పోతోందా నాకు? డెబ్భై దాటిన మా నాన్న చివర్లో గుర్రం పేరు మరిచిపోయి ఏడ్చాడు. ఉరికి భయం లేదు కానీ దీనికి భయంగా ఉందమ్మా అన్నారు.

పన్నెండేళ్ళలో ఆయన నోట భయం అన్న మాట వినడం ఇదే మొదటిసారి. నోరు తెరిచేలోగా కాపలావాడు లేచాడు. మీ మతి బాగానే ఉంది సార్, ఒట్టు అని మాత్రం అరిచాను. తలుపు వేసేశారు.

అక్టోబరు 7

రాసేస్తాను.

ఆ చీటీ ఆయన చెప్పింది కాదు. కింగ్ కాదు. అక్షరమూ కాదు. ఆ కె, కెజియా.

ముందుమాట రాయించిన మర్నాడు పొద్దున్నే బల్ల దగ్గర కూర్చున్నాను. రోజూ ఆరింటికే, ఇంట్లో ఎవరూ లేవకముందే కూర్చుంటాను. స్థానం ముందే. కె పెట్టె తెరిచి ఉంది. నైఫ్ చీటీ పైనే ఉంది, రాసి ఆరు వారాలైంది. దాన్ని చూస్తుంటే ఒళ్ళు మండింది. పిల్లికి కృతజ్ఞత! ఒక ఖాళీ చీటీ తీసుకుని ఈ ఇంటి చట్టం ప్రకారమే రాశాను, కర్త లేకుండా. చిన్నప్పుడు నాన్న అచ్చుకొట్టులో ఆగకుండా వాగేదాన్ని, అక్షరాలు పేర్చేవాళ్ళు చెవుల్లో దూది పెట్టుకునేవారు. పూర్వం ఉండేది అంటే అదీ. చట్టం ప్రకారమే వెనక వైపు మూడు ఉదాహరణలు కూడా చిన్న అక్షరాలతో రాశాను. ఏడుపు వచ్చింది. చించేద్దామనుకున్నాను. ఈ ఇంట్లో చీటీ చించడం అలవాటు లేదు. పెట్టెలో వేసి మూత పెట్టాను.

ఇంత చిన్న కోపం. దానికి ఆయన మెడ ఇస్తున్నారు. అంతకంటే ఘోరం, తన మతి మీద తనే నమ్మకం పోగొట్టుకున్నారు. ఆ మతి తప్ప ఆయనకు వేరే ఆస్తి లేదు.

అక్టోబరు 9

మిస్టర్ ప్రిడోకు అంతా చెప్పాను. ముందు నవ్వారు. తర్వాత ఆపేశారు. పెళ్ళి కాని ఆడది, పన్నెండేళ్ళు ఒంటరి ముసలాయన ఇంట్లో ఉంది, ఆయన తన పేరు రాయలేదని అలిగింది. ఇది బోనులో నిలబడి చెప్తే సర్కారు లాయరు దీన్ని ఎటు తిప్పుతాడో తెలుసా మిస్ ఓట్‌వే? మర్నాడే కార్టూన్లు వేసి షాపుల కిటికీల్లో తగిలిస్తారు. పుస్తకం సగం ఆడమనిషి చేసిందని తెలిస్తే ఆయన పరువు కూడా పోతుంది. అంతా పోగొట్టుకుని, చివరికి ఆయన్ని కాపాడటానికి అల్లిన కథ అంటే ఏం చేస్తారు అన్నారు.

వెనక వైపు చూడమనండి, మూడు ఉదాహరణలు ఉన్నాయి అన్నాను. ఆయన ముఖం వాడిపోయింది. ఆ చీటీని సాక్ష్యం కోసం అట్టకు అతికించేశారట, మైదాతో.

మిసెస్ హాబ్‌డేకు చెప్పాను. రొట్టెపిండి పిసుకుతూనే వింది. పేరు పోతుందని ఏడుస్తున్నావా పిల్లా, నీకు పేరెక్కడుంది పోవడానికి, అది లేదనే కదా ఇంత రచ్చ అంది. తర్వాత పిండి చేతులతోనే నన్ను దగ్గరికి లాక్కుంది. ఒళ్ళంతా పిండి అయింది.

నవంబరు 20, గురువారం

అయిపోయింది. వరసగా రాయాలి, లేకపోతే రేపటికి కల అనిపిస్తుంది.

బోనులో నిలబెట్టారు. బైబిలు ముద్దు పెట్టుకోమన్నారు. ఎదురుగా పెద్దాయన కుర్చీలో, కాలు స్టూలు మీద. నా వైపు చూడలేదు, పైకప్పు వంక చూస్తున్నారు.

సర్కారు లాయరు చిన్నవాడు, నున్నటి మాట. చేతిరాత మీదేనా అన్నాడు. నాదే. ఒక అక్షరానికి ఒకే చీటీ, అదే కదా ఆ ఇంటి చట్టం? అవునండీ. నైఫ్ చీటీ ఎత్తి చూపించి, ఇది అక్షరం అన్నాడు. అవును. అట్ట ఎత్తి చూపించాడు. మరి ఇది కూడా అక్షరమేనా, ప్రమాణం చేసి ఉన్నారమ్మా అన్నాడు.

కాదండీ, అది అక్షరం కాదు అన్నాను.

కోర్టంతా ఒక్కసారి కలకలం రేగింది. మిస్టర్ ప్రిడో కళ్ళు మూసుకున్నారు. పెద్దాయన పైకప్పు నుంచి చూపు దించారు. సర్కారు లాయరు ఇంత సులువుగా దొరుకుతుందనుకోలేదేమో, గొంతు తీయగా చేసుకుని, మరి కె అంటే ఎవరమ్మా అన్నాడు.

'నేను' అన్నాను.

ఆ మాట ఇక్కడ రాయక తప్పదు, అక్కడ అన్నాను కాబట్టి. వినిపించలేదు, గట్టిగా చెప్పు అన్నారు జడ్జిగారు. నేనండీ, కె అంటే కెజియా, నా పేరు అన్నాను. అచ్చుకొట్టు గొంతు ఎక్కడో మిగిలి ఉంది, గోడకు తగిలి తిరిగొచ్చింది.

నవ్వులు. చాలాసేపు. లాయరూ నవ్వాడు. పాపం ఎవరు తీసేస్తామన్నారు మిమ్మల్ని, ఇంతకీ ఆ ఇంట్లో మీరు చేసే పనేమిటి, పగలా రాత్రా అన్నాడు. ఇంకా పెద్ద నవ్వు. చీటీలు పద్నాలుగు వేలండీ, ఆయన చెప్పగా రాసినవి సగం, మిగతా సగం వెతికి, పోల్చి రాసింది ఈ చెయ్యే అన్నాను. అది అంటున్నప్పుడు పెద్దాయన వైపు చూడలేకపోయాను. లోకం ముందు ఆయన పుస్తకాన్ని సగానికి చింపినట్టే ఉంది.

యజమాని ప్రాణం కోసం ఎంత చక్కటి కథ అల్లారమ్మా, రుజువేది అన్నాడు. వెనక వైపు ఉందండీ అన్నాను. ఆ ఇంట్లో ఉదాహరణలు లేకుండా ఏదీ రాయం. తిప్పి చూడండి.

అతికించిన అట్ట తిప్పేదెలా అని కాసేపు వాళ్ళలో వాళ్ళు గొణుక్కున్నారు. జడ్జిగారు ఒక గిన్నెలో నీళ్ళు, స్పాంజి తెప్పించారు. గుమాస్తా తడిపి, గోరుతో అంచు లేపి, మెల్లగా, మెల్లగా ఒలిచాడు. కాగితం చిరుగుతుందేమో, సిరా కారిపోతుందేమోనని ఊపిరి బిగబట్టి చూశాను. కోర్టంతా అలాగే చూసింది. మొదటి వాక్యం సగం కరిగిపోయింది. గుమాస్తా వెలుతురుకు పెట్టి చదివాడు.

మోకాలు, ముసలావిడ, మార్చి 9. పేరు లేదు.

కరపత్రం, ఆరో ప్రతి. 'ప్రతి మనిషికీ'. దిద్దారు.

ముందుమాట. పిల్లి ఉంది.

మూడోది ఏమిటో చెప్పమని జ్యూరీలో ఒక లావుపాటి కిరాణా వ్యాపారి అడిగాడు. చెప్పాను, బిషప్ గురించి, ఏడేళ్ళ కాపలా గురించి, కృతజ్ఞతల గురించి. ఈసారి నవ్వారు కానీ ఆ నవ్వు వేరు. కిరాణా వ్యాపారి మాత్రం నవ్వలేదు. అతని కొట్లో కూడా ఎవరో ఒక ఆడమనిషి పొద్దున్నే ఆరింటికి కూర్చుంటుందేమో.

జ్యూరీ అరగంటలో తిరిగొచ్చింది. నిర్దోషి. బయట జనం టోపీలు ఎగరేశారు, పెద్దాయన్ని భుజాల మీద ఎత్తుకున్నారు. ఇంటికి వచ్చే బండిలో మిసెస్ హాబ్‌డేతో కలిపి ముగ్గురం. నది మీద పొగమంచు బాగా ఉంది అన్నారు ఆయన. ఆ ఒక్కటే మాట.

నవంబరు 23

మాట్లాడటం లేదు. గదిలో ఒక్కరే తింటున్నారు. కోపమైతే తిట్టాలి. తిట్టడం లేదు.

కోర్టులో ముసలాయన్ని కాపాడిన మూగ కె అని బొమ్మ వేశారట. అందులో పిల్లి బాగా కుదిరిందని మిసెస్ హాబ్‌డే చెప్పింది.

నవంబరు 27

పెట్టెలు తిరిగొచ్చాయి. పెట్టెలు కాదు, గోనెసంచులు. పద్నాలుగు వేల చీటీలు హాలు నేల మీద కుప్ప. చెప్పకుండానే పెద్దాయన వచ్చి, వాచిన కాలు చాపుకుని నేల మీద కూర్చున్నారు. ఆ చివర ఆయన, ఈ చివర నేను. ఏ, బి, సి అని వేరు చేయడం మొదలుపెట్టాం. నాలుగు గంటలు ఒక్క మాట లేదు. ఇది నీ చీటీ, ఇది నాది అని ఒక్కోసారి గొణుక్కోవడం మాత్రం వినిపించింది. లెక్క చూసుకుంటున్నారని తెలుసు. అడ్డు చెప్పలేదు.

డిసెంబరు 2

పొద్దున ఆరింటికి బల్ల దగ్గరికి వెళితే నా చీటీ ఉంది. నీళ్ళకు ముడతలు పడి, ఒక మూల మైదా అంటి. మీద ఎర్ర సిరా.

ఉదాహరణలు మూడూ సరైనవే. అంగీకరించాను. చివరి వాక్యం తప్పు. 'లోటు తెలుస్తుంది' అని దిద్దాలి. ఉదాహరణలు: టవర్, మే. టవర్, జూలై. టవర్, అక్టోబరు.

మళ్ళీ మొదటి నుంచి చదివాను. వెనక నుంచి ఆయన గొంతు వినిపించింది. ఓట్‌వే, కోర్టులో నువ్వు సగం అన్నావు, లెక్క చూశాను, సగం కంటే ఎక్కువే ఉంది, ప్రమాణం చేసి తప్పు అంకె చెప్పావు, సిగ్గు లేదూ అన్నారు. లేదు సార్ అన్నాను. నవ్వారు. నాకు ఏడుపు వచ్చింది, దాచుకోలేదు.

1795 ఫిబ్రవరి 19

అచ్చుకొట్టు నుంచి మొదటి ప్రూఫు వచ్చింది. టైటిల్ పేజీ మీద రెండు పేర్లు. నాకు ముందు చెప్పలేదు. ఆయన పేరు కింద, అదే సైజు అక్షరాల్లో: ఎజియా ఓట్‌వే.

పేర్చినవాడు కె వదిలేశాడు.

మార్జిన్‌లో రాశాను: ఇక్కడ కె పెట్టాలి. ఇది పలుకుతుంది.